తాళంచెవి ఎవరి దగ్గర ఉంది?

కిరాణా కొట్టు ముందు నిలబడి ఫోన్‌తో కోడ్ స్కాన్ చేసి డబ్బు పంపుతాం. కొట్టులోని చిన్న స్పీకరు పెట్టె డబ్బు అందిందని పలికేలోపే మన బ్యాంకు, కొట్టతని బ్యాంకు, మధ్యలో యూపీఐ వ్యవస్థ గబగబా కొన్ని మాటలు చెప్పుకుంటాయి. ఏ వివరం ఏ రూపంలో అడగాలి, జవాబు ఏ రూపంలో రావాలి అని ఆ మాటలకు ముందే రాసుకున్న కట్టుబాటు ఒకటి ఉంటుంది. దాన్నే ఏపీఐ అంటాం. రైల్వే రిజర్వేషన్ ఫారం గుర్తు తెచ్చుకోండి. బండి నంబరు, తేదీ, పేరు, వయసు గళ్లలో నింపి కిటికీలోంచి ఇస్తాం. లోపల ఏ యంత్రం ఉందో, గుమాస్తా ఏ మీటలు నొక్కుతాడో మనకు అక్కర్లేదు. ఫారం సరిగా నింపితే టికెట్టు వస్తుంది, గడి ఖాళీగా వదిలితే ఫారం తిరిగొస్తుంది. సాఫ్ట్‌వేర్ రాసేవాళ్లు ఇలాంటి ఫారాలను రోజుకు ఎన్నోసార్లు కిటికీలోకి పంపి చూడాలి. సరైనవీ పంపాలి, కావాలని తప్పుగా నింపినవీ పంపాలి. ఆ పనికి వాడే పనిముట్టును, అందులోనూ ఏదీ ఇన్‌స్టాల్ చేయకుండా బ్రౌజర్‌లోనే తెరుచుకునే తేలికైన పనిముట్టును, ఎలా ఎంచుకోవాలన్నది ఈ ప్రసంగ విషయం.

ఈ ప్రశ్నకు మామూలుగా వచ్చే జవాబు డిస్కులో ఎంత చోటు పడుతుంది, ఎంత త్వరగా తెరుచుకుంటుంది, ఎన్ని సదుపాయాలున్నాయి అనే లెక్కల్లో ఉంటుంది. ఆ లెక్కలు అవసరమే. నాలుగు జీబీ మెమరీ ఉన్న పాత ల్యాప్‌టాప్ మీద పని నేర్చుకుంటున్న విద్యార్థికి, ఇన్‌స్టాల్ చేసే అనుమతి లేని కాలేజీ ల్యాబులో కూర్చున్న అమ్మాయికి అవి చాలా పెద్ద విషయాలు. అయితే నా దృష్టిలో ఒక పనిముట్టు బరువును మొదట తూచాల్సిన చోటు వేరే ఉంది. మీరు పంపే రిక్వెస్టు, అంటే నింపిన ఫారం, కిటికీ లోపలి సర్వర్‌కు ఏ దారిన వెళుతోంది? దానితోపాటు వెళ్లే టోకెన్, అంటే సర్వర్ తలుపు తెరిచే తాళంచెవి, చివరికి ఎవరి దగ్గర మిగులుతోంది? మీకూ సర్వర్‌కూ మధ్య ఎంత తక్కువమంది నిలబడితే పనిముట్టు అంత తేలిక. రెండు ఎంబీల వెబ్ పేజీ అయినా, మీ తాళంచెవిని మూడో మనిషి చేతిమీదుగా పంపితే అది బరువైన పనిముట్టే.

ముందు పని ఎలా జరుగుతుందో దగ్గరగా చూద్దాం. సాధన కోసం జేసన్‌ప్లేస్‌హోల్డర్ అనే ఉచిత ఏపీఐ ఒకటి ఉంది. అందులో పది మంది కల్పిత వాడుకరులు, వాళ్లు రాసినట్టుగా వంద పోస్టులు ఉంటాయి. బ్రౌజర్‌లో పనిముట్టు తెరిచి, చిరునామా గడిలో ఒకటో పోస్టు చిరునామా రాసి, పద్ధతి గెట్ అని ఎంచుకుని పంపితే 200 అనే సంఖ్యతో పోస్టు వస్తుంది. ఇప్పుడు పద్ధతి పోస్ట్‌కు మార్చి, కొత్త శీర్షిక ఒకటి రాసి పంపండి. 201 వస్తుంది, అంటే కొత్తది తయారైందని అర్థం. దాని నంబరు 101 అని కూడా జవాబులో ఉంటుంది. వెంటనే ఆ 101వ పోస్టును గెట్‌తో అడగండి. 404 వస్తుంది, అంటే అలాంటిది లేదు! ఆ సర్వర్ సాధనకోసం పెట్టినది గనుక తయారైందని చెబుతుంది గానీ దాచుకోదు. ఈ మూడు అడుగుల్లోనే ఏపీఐ పరీక్ష అంటే ఏమిటో తెలిసిపోతుంది. 201 వచ్చిందని పని ముగిసిందనుకోకూడదు. తయారైందన్నది నిజంగా ఉందో లేదో మళ్లీ అడిగి చూసుకోవాలి. 400 నుంచి మొదలయ్యే సంఖ్యలు వస్తే తప్పు ఫారం నింపిన మన వైపున ఉందనీ, 500 నుంచి మొదలయ్యేవి వస్తే కిటికీ లోపల ఉందనీ స్థూలంగా గుర్తు. 401 అంటే మీరెవరో తేలలేదని, 403 అంటే మీరెవరో తెలుసు గానీ అనుమతి లేదని. ఇంతవరకు నేర్చుకోవడానికి ఏ ఖాతా అక్కర్లేదు, ఏ చెల్లింపూ అక్కర్లేదు. ఈ మెట్టు మీదే ఈమెయిలు, పాస్‌వర్డు అడిగే పనిముట్టు నేర్చుకునేవాడి దారికి అడ్డం.

ఈ అడ్డం ఎలా వచ్చిందో కొంచెం వెనక్కి వెళ్లి చూడాలి. ఈ రంగంలో అందరికీ తెలిసిన పేరు పోస్ట్‌మన్. 2012లో అభినవ్ ఆస్థానా దాన్ని క్రోమ్ బ్రౌజర్‌కు చిన్న అనుబంధంగా రాశారు. తర్వాత బెంగళూరులో మొదలైన సంస్థ ప్రపంచమంతా వాడే స్థాయికి ఎదిగింది. 2016లో గూగుల్ క్రోమ్ యాప్‌లకు స్వస్తి చెబుతున్నట్టు ప్రకటించడంతో అది బ్రౌజర్ వదిలి ఎలక్ట్రాన్ మీద నడిచే పెద్ద అప్లికేషన్‌గా మారింది. ఎలక్ట్రాన్ అంటే తన పొట్టలో ఒక పూర్తి బ్రౌజర్‌నే మోసుకు తిరిగే చట్రం. బరువు అక్కడే పెరిగింది. 2023లో పోస్ట్‌మన్ ఖాతా లేకుండా మన కంప్యూటర్లోనే పని దాచుకునే స్క్రాచ్ ప్యాడ్‌ను తీసేసింది. లాగిన్ కాని వాళ్లకు రిక్వెస్టు పంపే వీలు మిగిల్చింది గానీ, వాటిని కలెక్షన్లుగా కట్టి దాచుకునే వీలు తీసేసింది. అదే ఏడు ఇన్‌సోమ్నియా అనే మరో పనిముట్టు ఎనిమిదో వెర్షన్‌తో లాగిన్ తప్పనిసరి చేసింది. అప్‌డేట్ చేసుకున్న వాళ్లకు తమ పాత పని తమ కంప్యూటర్లో ఉండి కూడా ఖాతా తెరిస్తే తప్ప చేతికందలేదు. పెద్ద గోల రేగాక, స్థానికంగా దాచుకునే సదుపాయాన్ని ఆ సంస్థ తిరిగి ఇచ్చింది. సంస్థలకు ఆదాయం కావాలి, జట్టుగా పనిచేసే వాళ్లకు క్లౌడ్ కావాలి, అందులో తప్పేమీ లేదు. కానీ ఆ ఏడు జరిగినవి ఒక విషయం తేల్చాయి. మీ రిక్వెస్టుల కట్ట మీ ఫోల్డర్‌లో చదవదగిన ఫైలుగా లేకపోతే, ఒక్క అప్‌డేట్‌తో అది ఇంకొకరి గదిలోకి వెళ్లిపోగలదు.

అందుకే బ్రౌజర్‌లో నడిచేవాటిలో నేను ముందు సూచించేది హాప్‌స్కాచ్. కేరళకు చెందిన లియాస్ థామస్ 2019లో దీన్ని పోస్ట్‌వుమన్ అనే పేరుతో మొదలుపెట్టారు, మరుసటి ఏడు పేరు మారింది. ఎంఐటీ లైసెన్సుతో మూలం అందరికీ తెరిచి ఉంది. ఖాతా లేకుండా పనిచేస్తుంది, అప్పుడు మీ కలెక్షన్లు మీ బ్రౌజర్‌లోనే ఉంటాయి. వాటిని జేసన్ అనే చదవదగిన రూపంలో ఫైలుగా దించుకోవచ్చు. కావాలంటే మొత్తం పనిముట్టునే మీ సంస్థ సర్వర్ మీద నిలబెట్టుకోవచ్చు. ఈ చివరి రెండు గుణాలే నాకు ముఖ్యం. రంగులు, మెనూలు, వేగం వీటన్నిటినీ రేపు ఇంకో పనిముట్టు దాటిపోవచ్చు. కానీ వెళ్లిపోవాలనుకున్న రోజున సామాను సర్దుకుని వెళ్లగలగడం దాటిపోయే గుణం కాదు. ఉచితంగా వచ్చింది ఎన్నాళ్లుంటుంది అని అడిగే వాళ్లకు కూడా ఇదే నా సమాధానం. ఏ సంస్థా శాశ్వతం కాదు గనుకే మూలం తెరిచి ఉందా, ఫైలుగా దించుకోగలమా అని ముందే చూసుకోవడం.

ఇప్పుడు అసలైన అభ్యంతరానికి వద్దాం. బ్రౌజర్‌లోంచి ఏపీఐ పరీక్షిస్తే సగం రిక్వెస్టులు వెళ్లవు, కార్స్ లోపమని ఎర్ర అక్షరాలు వస్తాయి, అలాంటిది పనికొచ్చే పనిముట్టెలా అవుతుంది అంటారు. ఈ మాటలో నిజం ఉంది. 1995లో నెట్‌స్కేప్ నావిగేటర్ రెండో వెర్షన్ కాలం నుంచీ బ్రౌజర్లకు ఒక నియమం ఉంది. ఒక సైటు నుంచి వచ్చిన కోడు ఇంకో సైటు జవాబును తనంతట తాను చదవకూడదు. మీరు ఒక ట్యాబులో బ్యాంకు సైటు తెరిచి ఉంచి, ఇంకో ట్యాబులో ఊరూ పేరూ లేని సైటు చూస్తున్నారనుకోండి. ఆ సైటు మీ బ్యాంకు వివరాలు చదవకుండా ఆపుతున్నది ఈ నియమమే. ఒక సర్వర్ ఫలానా సైటుకు జవాబు చూపించవచ్చని తానే ఒప్పుకుంటే బ్రౌజర్ సడలింపు ఇస్తుంది. ఆ ఒప్పుకోలు పద్ధతి పేరే కార్స్. మీరు జేసన్ రూపంలో పోస్ట్ పంపబోయినప్పుడు బ్రౌజర్ అసలు రిక్వెస్టును చేతిలో పట్టుకుని, ముందుగా ఆప్షన్స్ అనే చిన్న విచారణను సర్వర్‌కు పంపుతుంది. ఫలానా సైటు నుంచి, ఫలానా పద్ధతిలో, ఫలానా హెడర్లతో, అంటే ఫారం పైన రాసే అదనపు వివరాలతో, ఒకటి వస్తోంది, రానివ్వమంటారా అని అడుగుతుంది. సర్వర్ సరేనంటేనే అసలుది బయల్దేరుతుంది. జవాబు లేకపోయినా, కాదన్నా, అసలు రిక్వెస్టు గడప దాటదు. అందుకే కార్స్ లోపంలో 404 లాంటి సంఖ్య ఏదీ పనిముట్టు తెరమీద కనిపించదు. కొత్తవాళ్లు ఎక్కువగా తికమకపడేది ఇక్కడే. సర్వర్ పడిపోయిందనుకుని గంటలు పోగొట్టుకుంటారు.

కానీ ఈ అడ్డంకి మనకు చెబుతున్నదేమిటో వినాలి. డెస్క్‌టాప్ పనిముట్టుకు ఈ నియమం వర్తించదు, అది ఏ విచారణా లేకుండా నేరుగా పంపేస్తుంది, జవాబు తెచ్చేస్తుంది. అంతా బాగుందని డెవలపర్ సంతోషిస్తాడు. తీరా తన వెబ్ పేజీ నుంచి అదే ఏపీఐని పిలిస్తే పేజీ ఖాళీగా ఉంటుంది. మీ ఏపీఐని చివరికి వాడేది వెబ్ పేజీయే అయితే, బ్రౌజర్‌లో నడిచే పనిముట్టు ఆ పేజీ పడే ఇబ్బందిని ముందే మీ కళ్ల ముందు పెడుతుంది. ఒక జాగ్రత్త మాత్రం ఉండాలి. మీ సర్వర్ మీ సొంత సైటును మాత్రమే రానిస్తూ పరీక్ష పనిముట్టును కాదంటే, సర్వర్ సరిగానే ప్రవర్తిస్తోందన్న మాట. అప్పుడు ఆ గేటును అందరికీ బార్లా తెరిచేయడం పరిష్కారం కాదు. పరీక్షకు పెట్టిన సర్వర్‌లో మాత్రం పనిముట్టు చిరునామాను అనుమతుల జాబితాలో చేర్చుకోవాలి. కుకీ వంటి కొన్ని హెడర్లను వెబ్ పేజీ తన చేత్తో రాయలేదన్న పరిమితి కూడా ఉంది. కుకీల మీద నడిచే లాగిన్‌ను పరీక్షించాలంటే బ్రౌజర్ ఒక్కటే చాలదు.

ఈ చిక్కు నుంచి బయటపడటానికి వెబ్ పనిముట్లు మూడు దారులు చూపిస్తాయి. నా వాదన మొత్తం ఈ చోటు మీదే నిలబడింది. మొదటిది ప్రాక్సీ. మీ రిక్వెస్టు పనిముట్టు సంస్థ సర్వర్‌కు వెళ్లి, అక్కడి నుంచి అసలు సర్వర్‌కు వెళుతుంది. ఒక్క మీట నొక్కితే చాలు, ఎర్ర అక్షరాలు మాయమవుతాయి. కానీ మీ రిక్వెస్టులో ఉన్న టోకెన్, పాస్‌వర్డు, కస్టమర్ ఫోన్ నంబరు అన్నీ ఆ మధ్యవాడి చేతిలోంచి వెళతాయి. రిజిస్టర్డ్ పోస్టు కవరును అంటించకుండా, ఇచ్చి రమ్మని దారినపోయే మనిషి చేతికి ఇచ్చినట్టు. అతను మంచివాడే కావచ్చు, చదవనని మాట కూడా ఇచ్చి ఉండవచ్చు. అయినా కవరు తెరిచే ఉంది. రెండోది బ్రౌజర్ ఎక్స్‌టెన్షన్, అంటే బ్రౌజర్‌కు తగిలించుకునే అనుబంధం. మూడోది మీ కంప్యూటర్లో నడిచే చిన్న ఏజెంటు. ఈ రెండింటిలో రిక్వెస్టు మీ యంత్రం నుంచి నేరుగా సర్వర్‌కు పోతుంది. హాప్‌స్కాచ్‌లో ఈ మూడూ ఉన్నాయి, సెట్టింగుల్లో ఇంటర్‌సెప్టర్ అనే చోట ఎంచుకోవచ్చు. పోస్ట్‌మన్ వెబ్ రూపానికి కూడా సొంత ఏజెంటు ఉంది. మీ కంప్యూటర్లోనే నడుస్తున్న లోకల్‌హోస్ట్ సర్వర్‌ను ప్రాక్సీ ఎలాగూ చేరలేదు, బయటి యంత్రానికి మీ లోకల్‌హోస్ట్ కనిపించదు గనుక. కాబట్టి ఏజెంటును ఒకసారి పెట్టుకోవడమే అన్ని విధాలా మేలు. ఇన్‌స్టాల్ చేయనివ్వని ల్యాబుల్లో సాధన ఏపీఐలకు మాత్రం ప్రాక్సీ వాడుకోండి. నిజమైన టోకెన్ ఉన్న రిక్వెస్టును ప్రాక్సీ గుండా ఒక్కసారి కూడా పంపవద్దు.

ఇది అతి భయమని కొందరంటారు. కానీ 2024 డిసెంబరులో భారతీయ భద్రతా సంస్థ క్లౌడ్‌సెక్ ఒక నివేదిక విడుదల చేసింది. ఎవరైనా చూడగలిగేలా తెరిచి ఉన్న 30,000కు పైగా పోస్ట్‌మన్ వర్క్‌స్పేసుల్లో, అంటే జట్టు పని దాచుకునే చోట్లలో, ఏపీఐ తాళంచెవులు, టోకెన్లు, గోప్యమైన సమాచారం బయటపడి ఉన్నాయని అది చెప్పింది. ఇందులో పనిముట్టు లోపం కన్నా మన అలవాటు లోపమే ఎక్కువ. టోకెన్‌ను నేరుగా హెడర్ గడిలో అతికిస్తాం, కలెక్షన్‌ను జట్టుతో పంచుకుంటాం, పంచుకోవడం పబ్లిక్ అయిందని గమనించం. టోకెన్‌ను వేరియబుల్‌గా పెట్టి, విలువను మాత్రం మన దగ్గరే ఉంచుకుంటే, కలెక్షన్ ఎన్ని చేతులు మారినా తాళంచెవి మారదు. పైగా 2023లో వచ్చిన డిజిటల్ వ్యక్తిగత డేటా సంరక్షణ చట్టం, పౌరుల సమాచారాన్ని చేతిలో ఉంచుకున్న ప్రతి సంస్థా దాన్ని కాపాడాలంటుంది. పరీక్ష కోసమే వాడామన్న మాట జవాబుగా చెల్లదు. పరీక్షకు కల్పిత పేర్లు, కల్పిత నంబర్లు వాడాలి.

మిగిలిన అభ్యంతరాలు ఇంతకన్నా చిన్నవి. హైదరాబాదులో ఉద్యోగ ప్రకటనలు పోస్ట్‌మన్ వచ్చా అని అడుగుతాయి, ఇంకోటి నేర్చుకుంటే నష్టం కదా అని విద్యార్థులు అనుకుంటారు. ఇంటర్వ్యూలో నిజంగా నిలబెట్టేది 401కీ 403కీ తేడా చెప్పగలగడం, ఆప్షన్స్ రిక్వెస్టు ఎందుకొచ్చిందో వివరించగలగడం. ఆ తెలివి ఉన్నవాడికి కొత్త పనిముట్టు ఒక మధ్యాహ్నం పని. ఇక అనుభవం ఉన్నవాళ్లు కర్ల్ ఉండగా ఇవన్నీ ఎందుకంటారు. స్వీడన్‌కు చెందిన డేనియల్ స్టెన్‌బర్గ్ 1998లో విడుదల చేసిన ఆ కమాండు ఇప్పుడు విండోస్‌లోనూ మ్యాక్‌లోనూ ముందే ఉంటుంది. అంతకన్నా తేలికైనది లేదన్నది నేనూ ఒప్పుకుంటాను. కానీ పొరలు పొరలుగా ఉన్న పెద్ద జేసన్ జవాబును నల్ల తెరమీద చదవడం, కొటేషన్ గుర్తులతో కుస్తీ పట్టడం కొత్తవాళ్లకు కష్టం. అందుకని నేను పనిముట్టును ఇలా పరీక్షిస్తాను. కర్ల్ కమాండును అతికిస్తే అర్థం చేసుకుంటుందా? తన రిక్వెస్టును కర్ల్ కమాండుగా రాసి ఇస్తుందా? రెండూ చేయగలిగితే ఆ పనిముట్టు మిమ్మల్ని కట్టిపడేయదు.

తెలుగువాళ్లుగా మనం తప్పక చేయాల్సిన పరీక్ష ఇంకోటి ఉంది. పేరు గడిలో ఆంగ్ల అక్షరాలు పంపి ఊరుకోకండి, తెలుగులో పంపండి. తెలుగు అన్న మాట మనకు మూడక్షరాలు. యూనికోడ్ లెక్కలో ఉత్వ, ఎత్వ గుర్తులను విడిగా లెక్కిస్తే ఆరు. యూటీఎఫ్-8 అనే నిల్వ పద్ధతిలో ఒక్కోదానికి మూడు బైట్ల చొప్పున 18 బైట్లు. అదే మాటను చిరునామాలో భాగంగా పంపితే ఒక్కో బైటూ శాతం గుర్తు, రెండు అంకెలతో మూడు అక్షరాలు అవుతుంది గనుక మొత్తం 54. పేరుకు 50 బైట్ల హద్దు పెట్టిన సర్వర్ ఆంగ్లంలో 50 అక్షరాల పేరునైనా ఆనందంగా తీసుకుంటుంది, తెలుగులో ఇంటిపేరుతో కలిపి రాస్తే మధ్యలో కోసేస్తుంది. ఇంకో సర్వర్ 200 అని జవాబిచ్చి, లోపల మాత్రం పేరుకు బదులు వరసగా ప్రశ్న గుర్తులు దాచుకుంటుంది. ఆ ప్రశ్న గుర్తుల్లోంచి అసలు పేరును మళ్లీ రాబట్టడం ఎవరి వల్లా కాదు. పంపిన పేరును తిరిగి గెట్‌తో అడిగి, ఒత్తులూ గుణింతాలతో సహా సరిపోయిందో లేదో చూడటానికి ఒక నిమిషం చాలు. దరఖాస్తులో తన పేరు తన భాషలో రాసుకున్న మనిషికి ఆ పేరు చెక్కుచెదరకుండా తిరిగి రావడం మర్యాద. ఆ మర్యాద ఈ పరీక్షతోనే మొదలవుతుంది.

తేలికైన పనిముట్టు అన్ని పనులకూ చాలదు. ప్రతి రాత్రీ వందల పరీక్షలు దానంతట అవే నడవాలన్నా, పెద్ద జట్టులో ఎవరు ఏది మార్చారో లెక్క ఉండాలన్నా, ప్రజల నిజమైన సమాచారం ఉన్న సర్వర్‌ను ముట్టుకోవాలన్నా బహిరంగ వెబ్ పేజీని వదిలేయాలి. సంస్థ లోపల నిలబెట్టుకున్న పనిముట్టుకో, రిక్వెస్టులను మామూలు ఫైళ్లుగా ఫోల్డర్‌లో దాచే బ్రూనో వంటి దానికో మారాలి. అలా మారడానికి సిగ్గుపడనక్కర్లేదు. కానీ మొదటిరోజే అక్కడికి పరిగెత్తనక్కర్లేదు కూడా.

ఈ ప్రసంగం వింటున్నవారిలో ఈ పని చేసేవాళ్లు ఉంటే ఒక విన్నపం. మీరు వాడుతున్న పనిముట్టులో ప్రాక్సీ నడుస్తోందేమో ఈరోజే చూడండి. తర్వాత హిస్టరీ తెరిచి పాత రిక్వెస్టుల హెడర్లు ఒక్కొక్కటిగా చదవండి. ఎక్కడైనా నిజమైన టోకెన్ కనిపిస్తే, హిస్టరీ తుడిచేసి ఊరుకోకండి. ముందు సర్వర్ వైపు ఆ టోకెన్‌ను రద్దు చేయించి కొత్తది తీసుకోండి, ఆ తర్వాతే తుడవండి.